బోనసు దినములలో దర్జీ

దుర్గాపూజకు ముందు టాటా కర్మాగారమున బోనసు పంచిన వారములో, కదమాలోని మా మేనమామ నన్ను జంషెడ్‌పూరు చూపింప బయలుదేరదీసి, సాక్చీ బజారున, శ్రీకాకుళమునుండి వచ్చి స్థిరపడిన ఒక దర్జీ దుకాణమున కూర్చుండబెట్టి, వేరు పనిమీద వెడలెను. సాయంకాలమంతయు ఆ దర్జీ చేతులు చూచుటతోనే నాకు గడచినది.

ఒక యిల్లాలు మీటరైన నిండని గుడ్డలో తనకు మోచేతులవరకు జాకెట్టును, కూతురికి గౌనును కావలెననెను. ఒక యువకుడు ఫోనులో సినిమా నటుని బొమ్మ చూపి, తెల్లవారుసరికి అట్టి కోటే తనకు కావలెనని పట్టుపట్టెను. మరియొకామె ఆది జాకెట్టు చేతికిచ్చి, "కొలత ఇదే పెట్టు, కాని యిది నాకు పట్టదు" అనెను!

దర్జీ నవ్వలేదు. "అలాగే తల్లీ" అని, ఆ జాకెట్టు తిరగవేసి, చంకక్రింద కుట్టులోపల మడిచిన గుడ్డను బొటనవ్రేలితో తడవి, వ్రేలెడు మిగులు కలదని గ్రహించి, సుద్దగీత గీచి, బ్లేడుమొనతో పాత దారమును పోగుపోగుగా తెంచెను. నీళ్ళు చిలికి గోటితో రాయగా సూదిరంధ్రములు పూడిపోయెను. ఒళ్ళు వచ్చినదని పదిమందిలో చెప్పుకొనలేని యామె మనసును అతడు ఆ విపరీతపు మాటలోనే వినెను. ఈ వినికిడి లేని రెడీమేడు అంగళ్ళు నేడు బజారంతయు నిండుచున్నవి. వాని బట్టలలో విప్పుకొనుటకు వ్రేలెడు గుడ్డయు నుండదు.

1912లోనే ఎనిమిది గంటల పనిని, 1920లో జీతముతోడి సెలవును, 1934లో లాభములలో బోనసును ఎరిగిన ఉక్కునగరమిది. ఆ బోనసు కొత్తబట్టలుగా మారుటకు రాత్రులు మేల్కొను ఈ మనిషికి గంటల లెక్క లేదు, సెలవు లేదు, బోనసు అసలే లేదు. ఇది నాకు మిక్కిలి అన్యాయముగా తోచినది. నా యెదుటనే ఒక కార్మికుడు వచ్చి, "నా బి షిఫ్టు పదింటికి విడుస్తారు, అంతవరకు కొట్టు తెరచియుంచు" అని ఆజ్ఞాపించి పోయెను. రాత్రిపనికి అదనపు కూలి మాట ఎవ్వరును ఎత్తరైరి. నేను ఎత్తబోగా దర్జీయే నన్ను వారించెను.

"ఊరుకోండి బాబూ. పూజకు పోయిన బేరం సంక్రాంతికి రాదు."