మల్లి చెలికత్తె పుట్టిన ఊరు

తిరుపతి వచ్చినవాళ్లు కొండెక్కి దిగి, తిరుచానూరు చూసుకుని రైలెక్కేస్తారు. తీరికుంటే కాణిపాకం, శ్రీకాళహస్తి. పుత్తూరు దగ్గర పక్కకు మళ్లి ఓ పన్నెండు కిలోమీటర్లు వెళ్లేవాళ్లు తక్కువే. వెళితే మాత్రం మామిడి తోపులు, వాటి వెనక కొండలు దాటాక కార్వేటినగరం వస్తుంది. ఒకప్పుడు సంస్థానం. ఇప్పుడు వేణుగోపాలస్వామి గుడి, రాతిమెట్ల స్కంద పుష్కరిణి ఆ వైభవానికి గుర్తులు.

ఆ గుడి స్వామి మీదే సారంగపాణి పదాలు రాశాడు. పదిహేడో శతాబ్దం చివర, పద్దెనిమిదో శతాబ్దం మొదట్లో ఇక్కడి ఆస్థానంలో ఉన్న కవి ఆయన. క్షేత్రయ్యకు వచ్చినంత పేరు రాలేదు కానీ, ఆయన పదాల్లో నాయిక మన వీధి అరుగు మీద కూర్చుని మాట్లాడినట్టే ఉంటుంది. అదే యాస, అవే సామెతలు. ప్రియుణ్ని నిలదీస్తుంది, దెప్పుతుంది, మనసులో కోరికను దాచుకోదు. మోహన, నవరోజు వర్ణాలతో నేటికీ సంగీత విద్యార్థులకు తెలిసిన గోవిందసామయ్యదీ ఈ ఊరే.

ఇలాంటి పదాలను శతాబ్దాలపాటు బతికించింది దేవదాసీలు. కాలం మారింది. డాక్టర్ ముత్తులక్ష్మీరెడ్డి వంటివారి పోరాటం ఫలించి, 1947లో మద్రాసు రాష్ట్రంలో ఆడపిల్లల్ని గుళ్లకు అంకితమివ్వడాన్ని నిషేధిస్తూ చట్టం వచ్చింది. రావలసిందే. కాకపోతే ఆ సంస్కరణ గాలిలో ఆడది నలుగురిలో పాడినా, ఆడినా అనుమానంగా చూడటం మాత్రం పోలేదు. ఆ చూపు కొత్తగా వచ్చిన సినిమా మీద పడింది. 1938లో ‘మాలపిల్ల’ అంటరానితనాన్ని ప్రశ్నించి కలకలం రేపింది. అందులో హరిజన యువతిగా మెప్పించిన కాంచనమాలే అదే ఏడాది ‘గృహలక్ష్మి’లో సంసారాన్ని కూల్చే వగలాడి. చిత్తూరు రామవిలాస సభ నాటకాల్లో పేరు తెచ్చుకున్న నాగయ్య వెండితెర మీదికి వచ్చిందీ ఆ ‘గృహలక్ష్మి’తోనే.

ఆ రోజుల్లో ‘మా పిల్ల సినిమాల్లో చేస్తోంది’ అని ధైర్యంగా చెప్పుకున్న ఇళ్లు ఎన్ని? సరిగ్గా అప్పుడే కార్వేటినగరం పిల్ల ఒకతి 1941లో ‘చూడామణి’తో తెర మీదికి వచ్చింది. ఆమే టి.జి. కమలాదేవి. నాగయ్యగారికి మరదలు. నటించింది, తన పాట తానే పాడుకుంది, రేడియోలో పాడింది, ఇతర తారలకు గొంతు అరువిచ్చింది. 1951లో ‘మల్లీశ్వరి’ వచ్చింది. రాణివాసంలో ఒంటరిదైపోయిన మల్లికి మనసు విప్పి చెప్పుకోవడానికి దొరికిన నేస్తం జలజ గుర్తుందా? ఆ జలజ ఈవిడే. అదే ఏడు ‘పాతాళభైరవి’లో రాజకుమారికీ చెలికత్తె. భానుమతి, మాలతి పేర్లు ఇంటింటికీ తెలుసు. పక్కన నిలబడ్డ ముఖం తెలుసుకానీ, పేరే ఎవరికీ గుర్తుండదు. చెలికత్తె పాత్రల తలరాత అంతే!

అసలు విశేషం తెర బయట ఉంది. మగవాళ్ల క్లబ్బుల ఆటగా చెలామణీ అయిన బిలియర్డ్స్‌ను కమలాదేవి పట్టుబట్టి నేర్చుకున్నారు. చీరకట్టుతో బల్ల మీదికి వంగి, కర్ర గురిచూసి కొట్టే తెలుగు సినిమా నటిని ఊహించుకోండి. అదీ యాభయ్యో దశకంలో! మన దేశంలో ఈ ఆట ఆడిన తొలితరం మహిళల్లో ఆమె ఒకరు. ఆస్ట్రేలియా వెళ్లి అక్కడి మహిళల పోటీల్లోనూ గెలిచారు. సినిమాల్లో రాని మొదటి స్థానం ఆ ఆకుపచ్చ బల్ల మీద దొరికిందన్నమాట.

2012 ఆగస్టులో చెన్నైలో ఆమె కన్నుమూశారు. ఈసారి టీవీలో ‘మల్లీశ్వరి’ వస్తే జలజను ఓసారి చూడండి. టి.జి. అంటే తోట గోవిందమ్మ. కమలాదేవి తెరపేరు. తిరుమల కొండకు అంత దగ్గరలో పుట్టిన పిల్లకు ఇంట్లో పెట్టుకున్న పేరు గోవిందమ్మే.