ఇరవై నావి... ఒకటి అమ్మది

మా ఇంట్లో వినాయక చవితి అంటే జిల్లేడుకాయలే. ఉండ్రాళ్లూ, పాలతాలికలూ ఉంటాయనుకోండి. కానీ అందరి కళ్లూ వీటిమీదే. బియ్యప్పిండి ముద్దను పూరీలా ఒత్తి, మధ్యలో కొబ్బరీ బెల్లం పూర్ణం పెట్టి, సగానికి మడిచి ఆవిరిమీద ఉడికిస్తే అచ్చం జిల్లేడు చెట్టు కాయల్లా ఉంటాయి. అందుకే ఆ పేరు. ఆ చెట్టుతో అంతకుమించి సంబంధం లేదని పెళ్లయిన కొత్తలో మా ఆయనకు చెప్పి ఒప్పించేసరికి నా తల ప్రాణం తోకకొచ్చింది!

మూడేళ్ల క్రితం, చవితి ఇంకా మూడు నెలలుందనగా అమ్మకు పక్షవాతం వచ్చింది. మాట దక్కింది. కుడిచెయ్యి పడిపోయింది. ‘ఈసారి కొట్లో కొని తెచ్చుకుందాంలే అమ్మా’ అన్నాను. అమ్మ ఏమీ అనలేదు. గోడవైపు తిరిగి పడుకుంది. మర్నాడు పొద్దున్నే బియ్యం నానబోశాను. నీడన బాగా ఆరబెట్టి మరపట్టించాను.

అసలు కష్టం అప్పుడు మొదలైంది.

‘పిండికి నీళ్లెన్ని?’

‘సరిపడా.’

‘బెల్లమెంత?’

‘తగినంత.’

‘పూర్ణం ఎంతసేపుంచాలి?’

‘దగ్గరపడేదాకా.’

40 ఏళ్లు చేసిన మనిషికి కొలతలు తెలియవు. తెలిసినదంతా ఆ కుడిచేతిలోనే ఉండిపోయింది. నాకేమో ఇన్నేళ్లూ వంటింటి గుమ్మంలో నిలబడి తినడమే వచ్చు.

పండగ ముందురోజు పరీక్షగా ఒక వాయి చేశాను. మడుస్తుంటేనే అంచులు పగిలాయి. పూర్ణం కరిగి ఇడ్లీపళ్లెంలోకి కారింది. ఏడుపొక్కటే తక్కువ. కుర్చీలో కూర్చుని చూస్తున్న అమ్మ, ‘నీళ్లు తెర్లాయా, ఊరికే వేడెక్కాయా?’ అని అడిగింది. వేడెక్కాయి, అంతే. తప్పు అక్కడే జరిగింది. గోధుమపిండికున్న సాగే గుణం బియ్యప్పిండికి లేదు. తెర్లే నీళ్లలో పడి ఉడికితేనే దానికి జిగురొస్తుంది.

ఇక అమ్మ చెప్పడం మొదలుపెట్టింది. నీళ్లలో కాస్త ఉప్పు, చెంచా నెయ్యి. తెర్లాక పిండి పోసి కలిపి, మంట ఆపి మూత పెట్టాలి. చెయ్యి ఓర్చుకునేంత వేడి ఉండగానే మెదపాలి. ముద్దమీద తడిబట్ట కప్పి ఉంచాలి. పూర్ణం మూకుడును వదిలి, వేళ్ల మధ్య ఉండ కట్టాలి. లేకపోతే ఆవిరికి కారిపోతుంది. ఆమె చెబుతుంటే నేను కొలిచి రాసుకున్నాను. గ్లాసు పిండికి గ్లాసుంపావు నీళ్లు. రెండు గ్లాసుల కొబ్బరికోరుకు గ్లాసు బెల్లం తురుము. ఆవిరిమీద 10 నిమిషాలు. ఎన్నడూ నోటితో చెప్పే అవసరం రాని సంగతులు... వెతుక్కుంటూ చెప్పింది. మధ్యమధ్య చెయ్యి ఎత్తి చూపించబోయి ఆగిపోయేది.

చవితినాడు నైవేద్యం కాబట్టి రుచి చూడ్డానికి లేదు. ఆ కాగితమే దిక్కు. మా ఇంటి లెక్క 21. ఇరవై అయ్యాయి. ఒక్కటీ పగల్లేదు. చివరి ముద్ద అమ్మ ముందు పెట్టాను.

‘ఎడమచేత్తో దేవుడికి చెయ్యొచ్చుటే?’ అంది. గొంతు వణికింది.

‘ఆయనకు మాత్రం రెండు దంతాలూ ఉన్నాయా ఏమిటి?’ అన్నాను.

అమ్మ నవ్వింది. ఒళ్లో పీట పెట్టి, నెయ్యి రాసిన అరటాకు ముక్కమీద పూరీ ఒత్తి ఇచ్చాను. నేను పూర్ణం పెడితే తను మడిచింది. ఎడమ బొటనవేలితో అంచును నొక్కుతూ చాలాసేపు కూర్చుంది. ఆవిరిలో అదొక్కటే కాస్త విచ్చుకుంది. దాన్నీ మిగతావాటితోపాటే దేవుడి ముందు పెట్టాం.

ఇప్పటికీ ప్రతి చవితికీ ఇరవై నావి, ఒకటి అమ్మది. కాగితం పిండిడబ్బాకు అంటించే ఉంది. నేను బెల్లం కొలిచి వేస్తుంటే కుర్చీలోంచి అమ్మ గొంతు వినబడుతుంది... ‘ఇంకాస్త పడుతుందే!’