అయిదు జట్లు, ఒకటే సీటు

ఫుట్‌బాల్ కబుర్లు మనకెందుకని పేజీ తిప్పేయకండి. కుక్కరు మూడు కూతలు కూసేలోగా చదివేయొచ్చు. ఆటల పేజీ కోసం పేపరు తెరిచే మనిషిని నేనూ కాదు. మా అమ్మాయి తొమ్మిదో తరగతిలో స్కూలు జట్టులో చేరింది, దాంతో నాకూ తెలుసుకోక తప్పలేదు. ఆఫ్‌సైడ్ అంటే ఏమిటో మా పిల్ల పదిసార్లు చెప్పినా నా బుర్రకెక్కలేదు గానీ, గ్రూపు అంటే ఏమిటో మాత్రం మీకు ఇట్టే చెప్పగలను.

2026 మహిళల ఆసియా కప్పులో చోటు మొత్తం 12 జట్లకే. ఆతిథ్యమిచ్చే ఆస్ట్రేలియాకీ, 2022లో మొదటి మూడు స్థానాల్లో నిలిచిన చైనా, దక్షిణ కొరియా, జపాన్‌లకీ నేరుగా పిలుపు. మిగిలిన 8 సీట్ల కోసం తక్కిన దేశాలు ఎనిమిది గ్రూపులుగా తలపడాలి. గ్రూపులో మొదటి జట్టుకే సీటు. రెండోవాళ్లు ఇంటికే. నాలుగు గారెలుంటే ఆరుగురికి సర్దే చేతులు మనవి, అక్కడ ఆ సర్దుబాటు లేదు మరి!

మన దేశం పడిన గ్రూపులో థాయిలాండ్, మంగోలియా, తూర్పు తైమూర్, ఇరాక్ ఉన్నాయి. మ్యాచ్‌లన్నీ 2025 జూన్ 23 నుంచి జులై 5 వరకు థాయిలాండ్‌లోని చియాంగ్ మాయ్‌లో. అంటే వాళ్ల గడ్డ, వాళ్ల జనం. పైగా 2015, 2019 ప్రపంచ కప్పులు ఆడిన జట్టు అది. ర్యాంకుల్లో అప్పుడు వాళ్లది 46, మనది 70. అప్పటివరకు వాళ్లను మనం ఒక్కసారి కూడా ఓడించలేదు. 1983లో మనవాళ్లు ఆసియా కప్పు ఫైనల్ దాకా వెళితే 3-0తో ఓడించింది కూడా ఆ థాయిలాండే. మన ఆడపిల్లలు నలభై ఏళ్ల కిందటే ఫైనల్ ఆడారన్న సంగతి మీకు తెలుసా? 1980లో కాలికట్‌లో జరిగినప్పుడు కూడా మనది రెండో స్థానమే.

అసలు బాధ 2022ది. ఆసియా కప్పు మన దేశంలోనే, ముంబయి, పుణెల్లో జరిగింది. ఇరాన్‌తో మొదటి మ్యాచ్ 0-0. రెండో మ్యాచ్ నాటికి జట్టులో కరోనా పాకి, దింపడానికి సరిపడా పదమూడు మంది కూడా మిగల్లేదు. మ్యాచ్ జరగలేదు, మన జట్టు పోటీలోంచి తప్పుకున్నట్టు లెక్కగట్టారు. ఆడిన ఆ ఒక్క మ్యాచ్ కూడా లెక్కలోంచి కొట్టేశారు. ఏళ్ల తరబడి ఎదురుచూసిన పెళ్లి, తాళి కట్టే వేళకి ఆగిపోయినట్టు! మనీషా కల్యాణ్, గ్రేస్ డాంగ్‌మెయ్‌లాంటి వాళ్లు ఆ దెబ్బ తిన్నవాళ్లే. వాళ్లే మళ్లీ చియాంగ్ మాయ్‌కి వెళ్లారు.

మొదటి మ్యాచ్‌లో మంగోలియా మీద 13-0. ప్యారీ ఖాఖా ఒక్కతే అయిదు గోల్స్. మన నిజామాబాద్ జిల్లా పిల్ల గుగులోత్ సౌమ్య రెండు కొట్టింది. తండా నుంచి బయలుదేరి క్రొయేషియా క్లబ్బులో కూడా ఆడొచ్చిన అమ్మాయి. తర్వాత తూర్పు తైమూర్ మీద 4-0, ఇరాక్ మీద 5-0.

"పాపం, ఓడిపోతున్నవాళ్లకి పదమూడెందుకే, మూడు చాలవూ?" అన్నారు మా అత్తగారు. ఆవిడ మనసు వెన్న. కానీ అక్కడే ఉంది కిటుకు. పాయింట్లు సమానమై, ఆ రెండు జట్లు తమలో తాము ఆడిన మ్యాచ్ కూడా తేల్చకపోతే గోల్స్ తేడా చూస్తారు, కొట్టినవాటిలోంచి తిన్నవి తీసేసి. మన నెల పద్దులో జమలోంచి ఖర్చు తీసేసినట్టే. మూడేసి మ్యాచ్‌లయ్యేసరికి మనకీ 9 పాయింట్లు, థాయిలాండ్‌కీ 9. మనం కొట్టినవి 22, తిన్నది సున్నా. వాళ్లూ 22, సున్నా! పైసలతో సహా సరిసమానం. ఆ పదమూడులో రెండు తగ్గినా ఆఖరి మ్యాచ్‌కి మనం వెనకబడి వెళ్లేవాళ్లం.

ఆ మ్యాచ్ జులై 5, శనివారం సాయంత్రం. మర్నాడు తొలి ఏకాదశి. నేను జొన్న పేలాలు వేయిస్తుంటే, మా పిల్ల గుమ్మంలో నిలబడి ఫోన్లో స్కోరు చదివి చెప్తోంది. 29వ నిమిషంలో సంగీతా బాస్ఫోర్ దూరం నుంచి కొట్టింది, గోల్! సగం ఆట అయ్యి మళ్లీ మొదలైన రెండు నిమిషాలకే థాయిలాండ్ సమం చేసింది. మా అత్తగారు జపమాల పక్కన పెట్టేశారు. 74వ నిమిషంలో కార్నర్ తర్వాత అదే సంగీత తలతో కొట్టింది. 2-1. ఆ మిగిలిన కాసేపట్లో నా పేలాలు కాస్త మాడాయి, మాడితే మాడాయి లెండి. అర్హత పోటీల్లో గెలిచి మన ఆడవాళ్లు ఆసియా కప్పుకి వెళ్లడం అదే మొదటిసారి.

ఈ సంగీతది బెంగాల్లోని కల్యాణి. మోకాలి గాయంతో చాలాకాలం మైదానానికి దూరమై తిరిగొచ్చిన పిల్ల. ఇది నేను మా ఇంట్లో గట్టిగానే చెప్పాను. ఎందుకంటే జిల్లా శిబిరానికి మా అమ్మాయిని ఎంపిక చేశారు, ఆ ఫారం వారం రోజులుగా ఫ్రిజ్ మీదే ఉంది. "ఎండకి నల్లబడుతుంది, కాలో చెయ్యో విరిగితే రేపు పెళ్లెలా చేస్తారు?" అని అత్తగారు. "టెన్త్ అయ్యాక చూద్దాంలే" అని మావారు. టెన్త్ అయ్యాక ఇంటరంటారు, ఇంటరయ్యాక ఎంసెట్‌కి కొత్త పేరేదో ఉందిగా, అదంటారు. ఆటకి వయసు ఆగుతుందా, మీరే చెప్పండి?

"అత్తయ్యా, ఆ సంగీత మోకాలు కూడా ఎవరో ఒక అమ్మ కన్న మోకాలే" అన్నాను. ఆవిడ ఏమీ అనలేదు. ఏకాదశి పూజయ్యాక పేలపిండి ప్రసాదం మొదట మనవరాలి చేతిలోనే పెట్టారు. మావారు ఇంకా "చూద్దాం" దగ్గరే ఉన్నారు. ఫారంలో 'తండ్రి లేక తల్లి' అని ఉంది కాబట్టి సంతకం నేను పెట్టేశాను.

శిబిరం మొదలైంది. పొద్దున్నే అయిదింటికి లేచి రెండు కోడిగుడ్లు ఉడకబెట్టి, అరటిపండు ఇచ్చి పంపుతున్నాను. ఒక్కటే తంటా, తెల్ల సాక్సులకి పట్టిన ఎర్రమట్టి. నిమ్మరసం, ఉప్పు వేసి చూశాను, వంటసోడాలో రాత్రంతా నానబెట్టాను. సగం పోయింది, సగం పోలేదు. మీలో ఆడపిల్ల గ్రౌండుకి వెళ్లే ఇల్లు ఏదైనా ఉంటే, మీరేం చేస్తున్నారో కాస్త రాయండి.