గింజా లైను వెంట: అంగట్లో కళ

టోక్యో మెట్రోలో అన్నిటికన్నా పాతది గింజా లైను. 1927లో మొదలై, తర్వాత పడమరన షిబుయా దాకా సాగింది. జపాన్‌లో అంగడికీ కళకీ ఉన్న చుట్టరికం ఈ లైను వెంట స్టేషన్ల వరుసలోనే తెలుస్తుంది. అందుకే నా ప్రయాణానికి దీన్నే ఎంచుకున్నాను.

మిత్సుకోషిమాఎ స్టేషను 1932లో తెరుచుకుంది. కట్టడానికి డబ్బు పెట్టింది ఎదురుగా ఉన్న మిత్సుకోషి డిపార్ట్‌మెంట్ స్టోరే. దాని మూలం 1673లో మిత్సుయి తకతోషి పెట్టిన ఎచిగోయా బట్టల కొట్టు. ధనికుల ఇళ్లకు సరుకు మోసుకెళ్లి అరువుకిచ్చే కాలంలో, ఆ కొట్టు ఒకే ధర చెప్పి నగదుకు అమ్మింది. చిన్న ముక్క అడిగినా కత్తిరించి ఇచ్చింది. నేటి దుకాణం నడిమధ్య, అంతస్తుల మధ్య ఖాళీగా వదిలిన చోట, సతో గెంగెన్ చెక్కిన దేవకన్య విగ్రహం ఉంది. 1960లో పూర్తయింది, ఎత్తు దాదాపు 11 మీటర్లు. దగ్గరికెళితే ఒళ్లంతా రంగులే, వెనక ఎగసిపడే మేఘాలే. చుట్టూ మాత్రం మామూలుగా బేరాలు సాగుతుంటాయి.

యుద్ధానంతరం జపాన్‌లో ప్రభుత్వ చిత్రశాలలు చాలా తక్కువ. ఆ లోటును పత్రికలతో కలిసి డిపార్ట్‌మెంట్ స్టోర్లు తీర్చాయి. ప్రదర్శన ఎక్కువగా పై అంతస్తులోనే. బొమ్మలు చూసినవాళ్లు దిగుతూ దిగుతూ ఒక్కో అంతస్తులో ఏదో ఒకటి కొంటారన్నది లెక్క. కళాసేవా నిజమే, వ్యాపారమూ నిజమే.

గింజాలో సౌందర్య సాధనాల సంస్థ షిసేడో 1919 నుంచి గ్యాలరీ నడుపుతోంది. 2017లో తెరిచిన గింజా సిక్స్ మాల్, కళాకారిణి యయోయి కుసామా చేసిన చుక్కల గుమ్మడికాయలను నడిమధ్య గాలిలో వేలాడదీసి కొనుగోలుదార్లను ఆహ్వానించింది.

ఒమోతెసాందోలో దిగితే దుకాణం కట్టడమే ప్రదర్శన. తడావో ఆండో రూపొందించిన ఒమోతెసాందో హిల్స్ (2006) లోపలి నడకదారికి బయటి వీధి వాలే పెట్టారు. రోడ్డు మీది నడకే లోపలా సాగినట్టుంటుంది. ఈ వీధిలో దుకాణమున్న లూయీ విటాన్‌కు 2003లో తకాషి మురకామి 33 రంగుల సంచీ నమూనా గీసిచ్చాడు. సంప్రదాయ జపాన్ చిత్రకళ చదివిన మురకామి, గొప్ప కళకీ అమ్మకపు సరుకుకీ మధ్య గీత తమ దేశంలో ఎన్నడూ గట్టిగా లేదని వాదించాడు.

చివరి స్టేషను షిబుయా. ఇక్కడ 1973లో పార్కో అనే దుకాణాల సముదాయం తెరిచిన సెయిబు వ్యాపార వర్గానికి అధిపతి సెయిజి త్సుత్సుమి, మారుపేరుతో కవిత్వం, నవలలు రాసినవాడు. పార్కో ప్రకటనలకు కళాదర్శకురాలు ఈకో ఇషియోకా. 1979 నాటి ఒక టీవీ ప్రకటనలో హాలీవుడ్ నటి ఫే డనవే తీరిగ్గా ఉడకబెట్టిన గుడ్డు ఒలుచుకు తింటుంది, అంతే. సరుకు జాడే లేదు. ఇదే వర్గం 1980లో అలంకారం లేని ‘ముజి’ సరుకులనూ తెచ్చింది. ఇకెబుకురోలోని తన దుకాణంలో 1975లో ఆధునిక కళకు మ్యూజియం పెట్టింది. 1990ల మాంద్యంలో వర్గం కుదేలైంది. 1999లో మ్యూజియం మూతపడింది. దుకాణం నీడన పెరిగిన కళకు దుకాణం కష్టం కూడా పంచుకోక తప్పలేదు.

షిబుయా స్టేషను నడవాలో 2008 నుంచి తారో ఒకామోతో కుడ్యచిత్రం ఉంది. పొడవు 30 మీటర్లు. విషయం అణుబాంబు పేలుడు. మెక్సికోలోని ఒక హోటలు కోసం గీయగా, ఆ హోటలు పూర్తికాక చిత్రం కనుమరుగైంది. 2003లో మళ్లీ దొరికింది. ఏ అంతస్తూ ఎక్కక్కర్లేదు, ఏదీ కొనక్కర్లేదు. రైలు మారుతూ ఆ నడవాలో వెళ్లేవాళ్లందరికీ అది కనిపిస్తుంది.