సరంబీ వేసిన ఇల్లు



మన తెలుగు బైబిలులో సరంబీ అనే మాట ఉంది. ఇంటి లోకప్పుకు పలకలు వేసి అందంగా తీర్చడాన్ని అలా అన్నారు. ఈ తరం పిల్లలకు సీలింగ్ అంటేనే తెలుస్తుంది. గత సంవత్సరం వేసవిలో మా పెద్దమ్మాయికి సంబంధం కుదిరినప్పుడు ఆ పాత మాటను మేము కొత్తగా ధ్యానించవలసి వచ్చింది.

పెండ్లివారు రానున్నారు గనుక ముందుగదిలో గోడా స్లాబూ కలిసేచోట చుట్టూ పూల పట్టీ వేయిద్దామని పిల్లలు, వారి తల్లి ఆశపడ్డారు. ప్లాస్టర్ ఆఫ్ పారిస్ పట్టీ బరువు. థర్మోకోల్‌దైతే ఒక్క చేతితో ఎత్తవచ్చు. అందులో నూటికి 98 వంతులు గాలే. ఈ సంగతి ఒక సంఘపెద్ద చెవిన పడింది. "అయ్యగారూ, గుడి వరండా కురుస్తూనే ఉంది. హగ్గయి మొదటి అధ్యాయం ఒకసారి చూడండి" అన్నారు, నవ్వుతూనే. నవ్వుతూ అన్న మాటే ఎక్కువ గుచ్చుకుంటుంది.

చూశాము. దర్యావేషు ఏలుబడిలో రెండవ సంవత్సరం, అంటే క్రీ.పూ. 520. మందిరం పాడై ఉండగా జనులు సరంబీ ఇండ్లలో కాపురముంటున్నారని ప్రవక్త గద్దించాడు. అయితే సరంబీయే పాపమని మాకు అందులో కనబడలేదు. సొలొమోను దేవుని మందిరానికే దేవదారు పలకలు వేయించి, వాటిమీద విచ్చిన పువ్వులు చెక్కించాడు (1 రాజులు 6). ఏది ముందు, ఏది తరువాత అన్నదే అక్కడ ప్రశ్న. కాబట్టి గుడి వరండాకు రేకులు మార్చేవరకు ఆగుదామని నిర్ణయించాము. పట్టీకని దాచిన సొమ్ములోనుండే మా వంతు కానుక ఇచ్చాము. అమ్మాయి రెండు రోజులు మాతో సరిగా మాట్లాడలేదు. పెండ్లివారు వచ్చి, మా పాత గోడల మధ్యనే కాఫీ త్రాగి, సంతోషంగా వెళ్లారు.

ఎండలుండగానే రేకుల పని ముగిసింది. అప్పుడు పట్టీ వేయించాము. మీలో ఎవరైనా వేయించుకోదలిస్తే కొన్ని సంగతులు తెలిసి ఉండాలి. పల్లె ఇండ్లలో ఏండ్ల తరబడి సున్నం పొరమీద పొర వేసి ఉంటాము. దానిమీద అంటిస్తే పట్టీ సున్నాన్ని పట్టుకుంటుంది, సున్నం గోడను వదిలేస్తుంది. కాబట్టి సిమెంటు కనబడేవరకు గీకవలసిందే. చెమ్మ దిగే స్లాబుకు అసలు వద్దు. నీళ్లతో కలిసే తెల్ల బంకే వాడాలి. పెట్రోలు, తిన్నరు వంటివి తగిలితే థర్మోకోల్ కరిగిపోతుంది. రంగు కూడా నీళ్లలో కలిపేదే మంచిది. మూలల దగ్గర రెండు ముక్కలనూ 45 డిగ్రీల ఏటవాలున కోసి కలిపి, సందులో లప్పం పెట్టాలి.

అన్నిటికంటె ముఖ్యం నిప్పు. సుమారు 100 డిగ్రీల వేడికే అది మెత్తబడుతుంది. అంటుకుంటే నల్లని పొగ క్రక్కుతుంది, మండుతున్న బొట్లు మనుషులమీద రాలతాయి. 1996 ఏప్రిల్ 11న జర్మనీలోని డ్యూసెల్‌డార్ఫ్ విమానాశ్రయంలో వెల్డింగ్ పని జరుగుతుండగా సీలింగ్ పైనున్న ఇదే జాతి పలకలు అంటుకుని 17 మంది చనిపోయారు. అందుకే వంటగదిలోను, క్రిస్మసుకు కొవ్వొత్తులు వెలిగించే మూలలోను, బల్బు ప్రక్కన వేయనివ్వలేదు. వంటగదికి కావాలంటే బరువైనా ప్లాస్టర్ ఆఫ్ పారిస్‌దే మేలు. అది మండదు, గట్టిపడిన తరువాత దాని బరువులో అయిదో వంతు నీరే.

పని చేసిన కుర్రవాడు "పాస్టరుగారి దగ్గర కూలి ఏమి తీసుకుంటానండి" అన్నాడు. యిర్మీయా 22లో దేవదారు సరంబీ వేయించుకున్న రాజుమీద మొదటి నేరం, పొరుగువానిచేత జీతమియ్యక పని చేయించుకోవడం. ఆ సాయంకాలమే పూర్తి కూలి అతని చేతిలో పెట్టాము. వద్దంటూనే పుచ్చుకున్నాడు. మెట్లు దిగబోతూ మళ్లీ లోపలికి వచ్చి, తలుపు పై మూలలో లప్పం తక్కువైందని నిచ్చెన వేసి సరిచేసి వెళ్లాడు.