తెల్లారేసరికి బస్సు మాయం

మా ఇంట్లో తెల్లవారుజామున నాలుగున్నరకి బస్సు బయల్దేరుతుంది. అలారం ఉండదు. వంటింట్లో గ్లాసు చప్పుడు, హాల్లో కుర్చీ జరిపిన చప్పుడు, ఆ తర్వాత ఇంజన్ చప్పుడు. కింద ఎవరో లారీ స్టార్ట్ చేసి వదిలేశారని పక్క ఫ్లాటువాళ్లు మొదట్లో వాచ్‌మన్‌ని కేకలేశారట. అది మా నాన్న డ్యూటీ ఎక్కిన చప్పుడని చెప్పాక నవ్వేశారు. సౌండు మాత్రం కాస్త తగ్గించమన్నారు.

నాన్న ఆర్టీసీలో ముప్ఫై ఏళ్లు డ్రైవరు. నరసరావుపేట డిపో. ఎక్కువకాలం హైదరాబాద్ సర్వీసే. పిడుగురాళ్ల, దాచేపల్లి, వాడపల్లి వంతెన, మిర్యాలగూడ, నల్గొండ... ఈ ఊళ్ల పేర్లు నేను భూగోళం పుస్తకంలో చదవలేదు, నాన్న పక్కన కూర్చుని అన్నం తింటూ నేర్చుకున్నాను. రిటైరయ్యాక కూడా మోపెడ్ మీద ఊరంతా తిరిగేవాడు. మూడేళ్ల కిందట అమ్మ పోయింది. మరుసటి ఏడు ఆయనకు గుండె ఆపరేషన్. ఇకమీదట మోపెడ్‌తో సహా ఏ బండీ ముట్టుకోవద్దన్నారు డాక్టరు. హైదరాబాద్ తీసుకొచ్చేశాం. మా హాల్లో కిటికీ పక్కన కూర్చుని రోడ్డు మీద పోయే బస్సుల్ని చూస్తుండేవాడు. భోజనానికి పిలిస్తే వచ్చేవాడు. అడిగితే జవాబు చెప్పేవాడు. అంతే. నాలుగు నెలలు అలాగే గడిచాయి.

ఆయన్ని కుర్చీలోంచి లేపింది మావాడు. ఏడో తరగతి. ఐరోపా రోడ్లమీద లారీలు నడిపే ఆట ఒకటి వాడి కంప్యూటర్లో ఉంది. వాళ్ల నాన్నని సతాయించి సెకండ్ హ్యాండ్ స్టీరింగ్, పెడల్స్ కొనిపించుకున్నాడు. ఒకరోజు తాతని కూర్చోబెట్టాడు. నాన్న బ్రేక్ తొక్కి చూసి, 'ఇదేం బ్రేకురా, ఇడ్లీ తొక్కినట్టుంది' అన్నాడు. కానీ లేవలేదు. గంటన్నర నడిపాడు.

అసలు మలుపు బస్సుతో వచ్చింది. ఇలాంటి ఆటలకు అభిమానులు సొంతంగా బళ్లు, రోడ్లు, బోర్డులు తయారుచేసి తగిలిస్తుంటారు. వీటిని మోడ్స్ అంటారు. ఎవరో తెలుగు కుర్రాడు అచ్చం మన ఆర్టీసీ రంగులతో ఒక బస్సు తయారుచేసి అందరికీ ఉచితంగా పెట్టాడు. మావాడు దాన్ని దించి, నాన్న ముందు పెట్టాడు. బోర్డు మీద 'నరసరావుపేట – హైదరాబాద్' అని కూడా రాయించాడు. ఆ బస్సు లండన్ నుంచి బయల్దేరి ఓడ ఎక్కి ఫ్రాన్స్‌లో దిగుతుంది! నాన్నకి మాత్రం బ్రిటన్ రోడ్లే ఇష్టం. అక్కడ మనలాగే ఎడమవైపు నడపొచ్చని.

ఆ రోజునుంచి నాలుగున్నర డ్యూటీ మొదలైంది. పక్కన ఒక పొడుగు నోటు పుస్తకం. తేదీ, ఎక్కణ్నుంచి ఎక్కడికి, ఎన్ని కిలోమీటర్లు, డీజిల్ ఎంత, చివరి గడిలో 'ప్రమాదం: లేదు'. మనవడు నిద్ర లేచాక కండక్టరు. వాడు 'రైట్ రైట్' అంటేగానీ బండి కదిలించేవాడు కాదు. ఆ పుస్తకంలో 211 రోజులు నిండాయి. ఒక్క ప్రమాదం లేదు.

212వ రోజు బస్సు లేదు.

నేను లేచేసరికి నాన్న తెర ముందు చేతులు ఒళ్లో పెట్టుకుని కూర్చునున్నాడు. గ్యారేజీ ఖాళీ. తెరమీద బొత్తాలు కూడా నిన్నటి చోట్లో లేవు. 'ఏదో నొక్కేసుంటానమ్మాయ్. కళ్లు సరిగ్గా ఆనట్లేదు కదా' అన్నాడు. మావాడు వచ్చి అటూ ఇటూ నొక్కి, ఆట కొత్త వెర్షన్‌కి మారిపోయిందనీ, పాత వెర్షన్ కోసం చేసిన బస్సు ఇందులో పనిచెయ్యదనీ తేల్చాడు. నాన్నకి ఆ మాట చెవికెక్కలేదు. పుస్తకం మూసి కిటికీ దగ్గరికి వెళ్లి కూర్చున్నాడు.

ఇప్పుడు నా సంగతి చెప్పాలి. ఆ కంప్యూటర్‌కి మామూలుగా నెట్ ఉండదు. పిల్లాడు ఎప్పుడూ నెట్‌లోనే ఉంటాడని మేమే తీసేశాం. అవసరమైతే నా ఫోన్ నుంచి కలుపుతాం. ముందురోజు రాత్రి నా ల్యాప్‌టాప్ మొరాయిస్తే, వ్యాసం పంపడానికి ఆ కంప్యూటర్‌కి నెట్ కలిపి, పంపేసి, అలాగే వదిలేసి పడుకున్నాను. రాత్రికి రాత్రి నాలుగు జీబీ దిగింది. నా ఫోన్లో డేటా అయిపోయిన సందేశం చూశాక నాకు విషయం అర్థమైంది. అర్థమైనా చెప్పలేదు. ఆఫీసుకి ఆలస్యమవుతోందని నాకు నేనే సర్ది చెప్పుకున్నాను. రెండు రోజులు చెప్పలేదు.

ఆ రెండు రోజులూ ఆఫీసులో ఖాళీ దొరికినప్పుడల్లా చేసిన పని, ఈ అప్‌డేట్లని ఆపడమెలాగో తెలుసుకోవడం. తెలిసేకొద్దీ ఆశ్చర్యం వేసింది. నా కాలేజీ రోజుల్లో ఆట అంటే సికింద్రాబాద్ చెనాయ్ ట్రేడ్ సెంటర్లో కొన్న సీడీ. గీతలు పడితే పాడవుతుందేమో గానీ, రాత్రికి రాత్రి మారిపోదు. 2003 సెప్టెంబరులో వాల్వ్ అనే అమెరికా కంపెనీ స్టీమ్‌ని తెచ్చింది. తమ ఆటలకి మరమ్మతులు నెట్ ద్వారా అందరికీ ఒకేసారి పంపడమే దాని మొదటి ఉద్దేశాల్లో ఒకటి. మరుసటి ఏడు హాఫ్ లైఫ్ 2 వచ్చేసరికి, సీడీ కొన్నవాళ్లకి కూడా స్టీమ్ తప్పనిసరైంది. నెట్‌లో పదిమంది కలిసి ఆడే ఆటకి ఇది అవసరమే. ఒకడి దగ్గర పాత వెర్షన్, ఇంకొకడి దగ్గర కొత్తది ఉంటే ఆట సాగదు. మోసగాళ్లని పట్టడం కూడా కష్టం. ఒక్కడే కూర్చుని ఆడుకునే ఆటకి ఆ తొందర ఏమిటో నాకింకా అర్థం కాలేదు.

మనదొక్కటే కొంప కాదు, పెద్దపెద్దవాళ్ల కొంపలూ మునిగాయి. ఫాలౌట్ 4 అనే ఆట మీద కొందరు అభిమానులు జీతం లేకుండా కొన్నేళ్లు పనిచేసి 'ఫాలౌట్ లండన్' అని ఏకంగా ఒక కొత్త ఆటంత మోడ్ తయారుచేశారు. 2024 ఏప్రిల్ 23న విడుదల అన్నారు. సరిగ్గా అదే వారం, ఏప్రిల్ 25న అసలు ఆటకి భారీ అప్‌డేట్ వస్తుందని కబురు. విడుదల వాయిదా పడి, చివరికి జులై 25న బయటికొచ్చింది. ఇంకో ముచ్చట. 2008లో వచ్చిన గ్రాండ్ తెఫ్ట్ ఆటో 4లో కారు ఎక్కితే రేడియోలో పాటలొస్తాయి. పాటల హక్కులకి పదేళ్ల గడువు. 2018 ఏప్రిల్‌లో గడువు తీరగానే, ఒక అప్‌డేట్‌తో చాలా పాటలు తీసేశారు. డబ్బులు పెట్టి కొన్నవాళ్ల ఇంట్లోంచి కూడా! మనం కొన్న క్యాసెట్లోంచి కంపెనీవాడు వచ్చి రెండు పాటలు చెరిపేసి వెళ్తే ఊరుకుంటామా?

సరే, ఆపడమెలాగో చెప్తాను, ఎవరికైనా పనికొస్తుంది. స్టీమ్‌లో ఆట పేరు మీద రైట్ క్లిక్ చేసి ప్రాపర్టీస్‌లోకి వెళ్తే అప్‌డేట్స్ అని ఉంటుంది. అందులో 'ఆట తెరిచినప్పుడు మాత్రమే' అన్నది ఎంచుకోవచ్చు. 'ఎప్పటికీ వద్దు' అన్న మాట మాత్రం అక్కడ లేదు. ఎంత వెతికినా లేదు. కాబట్టి రెండో జాగ్రత్త, స్టీమ్‌ని ఆఫ్‌లైన్ మోడ్‌లో పెట్టుకోవడం. అదీ కొత్త అప్‌డేట్ వచ్చిందన్న సంగతి దానికి తెలియకముందే పెట్టాలి. తెలిసిపోయాక అది పూర్తయ్యేదాకా ఆట తెరవనివ్వకపోవచ్చు. డేటా గురించే మీ బెంగయితే, ఫలానా గంటల మధ్యే దించుకోమని సమయం కూడా పెట్టొచ్చు. జీఓజీ అనే దుకాణంలో కొంటే ఆట ఇన్‌స్టాలర్‌నే మన దగ్గర దాచుకోవచ్చు, పాత సీడీ లాగా. అన్నిటికంటే ముఖ్యం, సేవ్ చేసిన ఆటల ఫోల్డర్‌ని ఒక పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసి పెట్టుకోవడం. అయితే ఇవన్నీ ఆటల వరకే. విండోస్‌కి వచ్చే భద్రత అప్‌డేట్లని ఇదే ఊపులో ఆపేయకండి. ఆ తాళాలు వేరు, ఆ దొంగలు వేరు.

మరి ఇప్పటికే మారిపోయినదాన్ని వెనక్కి తెచ్చేదెలా? అది మావాడి స్నేహితుడు చెప్పాడు. కొన్ని ఆటలు చేసేవాళ్లు పాత వెర్షన్లని కూడా అందుబాటులో ఉంచుతారట. అదే ప్రాపర్టీస్‌లో బీటాస్ అన్న చోట వాటి జాబితా ఉంటుంది. మా అదృష్టం, ఈ ఆటకి ఉంది. అంటే తప్పు ఆట చేసినవాళ్లదీ కాదు, బస్సు చేసిన కుర్రాడిదీ కాదు. నెట్ కలిపి పడుకున్నదానిది.

మూడోరోజు రాత్రి నాన్న దగ్గర కూర్చున్నాను. 'నువ్వేం నొక్కలేదు నాన్నా. నేనే నెట్ ఆపకుండా పడుకున్నాను. అదే రాత్రి మార్చేసుకుంది' అన్నాను. కోప్పడతాడనుకున్నాను. కాసేపు నా మొహంకేసి చూశాడు.

'మొన్ననే చెప్పొచ్చుగా అమ్మాయ్' అన్నాడు. 'ఆపరేషనప్పుడు బుర్రక్కూడా ఏమన్నా అయిందేమో, మీరు దాస్తున్నారేమో అనుకుంటున్నా రెండ్రోజుల్నుంచి.'

నాకు నోట మాట రాలేదు. నేను దాచింది నాలుగు జీబీ సంగతి. ఆయన మోసింది అది.

కాసేపాగి నాన్నే అన్నాడు. 'డిపోలో కూడా రాత్రి మెకానిక్ బండి ముట్టుకునేవాడు. ముట్టుకోకపోతే ఎట్లా? కానీ పొద్దున బండి ఎక్కబోయేముందు, అన్నా, బ్రేక్ సరిచేశా, ఒకసారి చూసుకో అనేవాడు. చెప్పకుండా సరిచేసిన బ్రేకుతో ఘాట్ ఎక్కితే ఏమవుద్ది?'

ఆ రాత్రే మావాడు పాత వెర్షన్ దించాడు. మళ్లీ నాలుగైదు గంటలు, మళ్లీ నా డేటా. ఈసారి ప్యాక్ విడిగా వేయించాను. ముందురోజు సేవ్ తెరిస్తే గ్యారేజీలో బస్సు నిలబడి ఉంది. 211వ రోజు చివరి ట్రిప్పు మాత్రం లెక్కలోకి రాలేదు. సేవ్ అంతకుముందుదట. మావాడు బాధపడుతుంటే 'కాగితం మీద ఉందిగా' అన్నాడు నాన్న. పుస్తకంలో ఖాళీగా ఉన్న మూడు రోజులకీ కలిపి ఒకటే గీత గీసి, పక్కన రాసుకున్నాడు: 'బండి షెడ్డులో. డ్రైవరు తప్పు లేదు.'

ఇప్పుడు ఆ కంప్యూటర్ వెనక మావాడు కాగితం అతికించాడు, 'తాతని అడక్కుండా నెట్ పెట్టరాదు' అని. నా కోసమేనని వేరే చెప్పక్కర్లేదు.

పోయిన నెలలో ఇంకో కబురు. ఆ కుర్రాడు కొత్త వెర్షన్‌కి సరిపోయేలా బస్సుని మళ్లీ తయారుచేసి పెట్టాడట. అద్దాలు ఇంకా బాగా వచ్చాయట, వైపర్లు కూడా తిరుగుతాయట. కొత్త రోడ్లు కూడా కలిశాయని మావాడు తొందరపెడుతున్నాడు. నాన్న విన్నాడు. వైపర్ల గురించి రెండుసార్లు అడిగాడు.

'ముందు 250 కానియ్యండి' అన్నాడు.

ఈ ఆదివారానికి 238.