గుడి లేని జలదేవుడు

ఈజిప్టు దేశపు దక్షిణ భాగాన, కైరో నగరానికి సుమారు 900 కిలోమీటర్ల దూరంలో అస్వాన్ పట్టణమున్నది. అంతవరకూ ఎడారిని చీల్చుకొంటూ ఒకే పాయగా వచ్చిన నైలు నది అక్కడ గ్రానైటు బండల మధ్య చెదరిపోయి, చిన్నవీ పెద్దవీ అనేక లంకలను చుట్టుకొని, మళ్ళీ ఒక్కటై ఉత్తరానికి సాగిపోతుంది. ఏనుగుల మంద నీటిలో దిగి పండుకొన్నట్లు కనిపించే ఆ బండలను చూచిన యాత్రికుడికి ప్రాచీనుల విశ్వాసం వింతగా తోచదు. ఈ రాళ్ళ అడుగున ఒక గుహ ఉన్నదనీ, అందులో నివసించే దేవుడు ఏటా ఒకసారి నీటిని వదలుతాడనీ వారు నమ్మారు. ఆ దేవుడి పేరు హాపి.

మన దేశంలో నదులు చాలావరకు తల్లులు. మొసలి నెక్కిన గంగ, తాబేలు నెక్కిన యమున ఆలయ ద్వారాల కిరువైపులా నిలిచి లోనికి పోయేవారిని పావనం చేస్తారు. సింధువు, శోణ, బ్రహ్మపుత్ర వంటి కొన్నింటిని మాత్రమే మనవారు పురుషులుగా భావించి నదాలన్నారు. హాపి ఈ రెండు తెగలలోనూ చేరడు. గడ్డమున్న పురుషుడతడు, కాని వ్రేలాడే స్తనాలు, బాగా తిని బలిసిన పొట్ట, నీలి రంగో ఆకుపచ్చ రంగో పూసిన ఒళ్ళు, నెత్తిన నీటి మొక్కల గుత్తి. చేతులలో నైవేద్యాల పళ్ళెం. మన అర్ధనారీశ్వరుడివలె సగం సగంగా విడదీసిన రూపం కాదిది. కడుపు నిండిన ఊరి పెద్దరైతుకు బాలెంత పాలు కూడా ఇస్తే ఎట్లా ఉంటాడో అట్లా ఉంటాడు. లక్సర్‌లోను, అబూ సింబెల్‌లోను రాజవిగ్రహాల పీఠాల మీద ఇద్దరు హాపిలు ఎదురెదురుగా నిలిచి, తామరకాడనూ పాపిరస్ కాడనూ ముడివేస్తూ కనిపిస్తారు. దక్షిణోత్తర దేశాలు రెండింటినీ కలిపి కట్టినది నీరేనని ఆ చిత్రానికి అర్థం.

ఇంతటివాడికి, తెలిసినంతలో, తనదంటూ ఒక పెద్ద ఆలయం లేదు. కారణం ఊహించడం కష్టం కాదు. ఈజిప్టువారు నదిని ‘ఇతెరు’ అన్నారు. హాపి అనే మాట నదిని గూర్చినది కాదు, నదికి వచ్చే వరదను గూర్చినది. వారు కొలిచినది నీటిని కాదు, నీటి రాకను. ఏటా వచ్చి పోయే అతిథికి గర్భగుడి కట్టి తలుపులు మూయడం ఎవరి తరం? అందుకే నది పొడవునా అతడికి కానుకలు నీటిలోనే వేశారు.

అస్వాన్‌లో వాన పడటం ఒక వింత; కొన్ని సంవత్సరాలు చినుకు రాలకుండానే గడచిపోతాయి. అటువంటి దేశంలో ఎండలు మండే జూన్ నెలలో, మేఘమన్నది కనిపించని ఆకాశం కింద, నది తనంతట తాను పొంగడం మొదలుపెట్టేది. కొన్ని వారాలు కనిపించక పోయిన లుబ్ధక నక్షత్రం తిరిగి వేకువజామున తూర్పున పొడిచే వేళకు వరద వచ్చేది. అదే వారికి సంవత్సరాది. సెప్టెంబరు నాటికి పొలాలన్నీ చెరువులయ్యేవి. నీరు తీసిన తరువాత మిగిలిన నల్లని ఒండ్రులో విత్తనాలు చల్లేవారు. సంవత్సరానికి మూడే ఋతువులు: వరద, మొలక, కోత.

అస్వాన్ ఎదుట నున్న ఎలిఫెంటైన్ లంకకు తెరచాప పడవలో కొద్ది నిమిషాల ప్రయాణం. క్రీస్తుకు 3,000 సంవత్సరాల క్రిందటనే అక్కడ రెండు బండల సందున సాతెత్ అనే దేవతకు చిన్న గుడి ఉండేది. కుమ్మరి సారె మీద మనుషులను చేసే పొట్టేలు తల దేవుడు ఖ్నూము, సాతెత్, ఈకల కిరీటం పెట్టుకొన్న అనుకెత్ అనే ముగ్గురూ కలసి ఆ చోట వరదకు కావలి. హాపి గుహ తలుపు తాళం ఖ్నూము చేతిలో ఉంటుందని చెప్పుకొనేవారు.

ఈ లంక మీద గుళ్ళకంటె ఎక్కువ ఆకట్టుకొనేది నీటిలోకి దిగే ఒక మెట్లదారి. తొంభై మెట్లు. పక్క గోడమీద గీతలు, అంకెలు. యూరోపియనులు దీనిని నైలోమీటరు అన్నారు. నీరు ఎన్ని మూరలు లేచినదో ఇక్కడ చూచి కబురు పంపితే, ఆ సంవత్సరం పంట ఎంతో, శిస్తు ఎంతో దిగువ దేశంలో లెక్క కట్టేవారు. క్రీస్తు పుట్టుకకు కొద్దికాలం ముందు ఇక్కడికి వచ్చిన గ్రీకు భూగోళవేత్త స్ట్రాబో, ఈ కొలతల వలన రైతుకెంత లాభమో శిస్తు అధికారికీ అంత లాభమని గమనించాడు. రోమను రచయిత ప్లినీ లెక్కలో 12 మూరలంటే కరవు, 13 అయినా ఆకలే, 14కు సంతోషం, 15కు నిబ్బరం, 16కు పండుగ. అంతకు మించితే మళ్ళీ కష్టమే, ఇళ్ళు కొట్టుకొనిపోతాయి. వాటికన్‌లో నున్న నైలు దేవుడి పాలరాతి విగ్రహం మీద పదహారుమంది పసిపిల్లలు ఎగబ్రాకుతూ ఉంటారు. ఆ పదహారూ ఈ మూరలే. రోముకు ధాన్యం పోయేది ఈజిప్టునుండి గనుక ఆ లెక్క వారికీ కంఠస్థమే. ఎలిఫెంటైన్ మెట్లను 19వ శతాబ్దంలో బాగు చేయించి మళ్ళీ కొలతలకు ఉపయోగించారు. కైరోలో రోదా లంక మీది కొలస్తంభాన్ని క్రీ.శ. 861లో అబ్బాసీ ఖలీఫా కట్టించాడు. మతం మారినది గాని, మూరలు లెక్కపెట్టడం మానలేదు.

వరద తప్పితే ఏమయ్యేదో చెప్పే సాక్ష్యం ఎలిఫెంటైన్‌కు ఎగువన సెహెల్ లంకలో ఒక బండమీద చెక్కి ఉన్నది. జోసెరు రాజు కాలంలో ఏడేళ్ళు నది పొంగలేదనీ, రాజు కలలో ఖ్నూము కనిపించి నీరు వదలుతానని మాట ఇచ్చాడనీ, అందుకు కృతజ్ఞతగా రాజు ఇక్కడి భూముల ఆదాయంలో భాగం ఆ దేవుడికి ధారపోశాడనీ అందులోని కథ. చిక్కేమంటే, జోసెరు క్రీ.పూ. 27వ శతాబ్దివాడు, శాసనం చెక్కినది సుమారు 2,500 సంవత్సరాల తరువాత, టాలెమీ రాజుల కాలంలో. ఫిలే లంకలోని ఐసిస్ ఆలయం కూడా అవే భూములపై హక్కు చెప్పుకొంటున్న రోజులవి. మన శాసన పరిశోధకులకు కూటశాసనాలు కొత్త కావు. ఇదీ ఆ జాతిదే కావచ్చునని పండితుల అనుమానం. అయినా దస్తావేజు కల్పించినవారు ఎన్నుకొన్న భయం మాత్రం కల్పితం కాదు.

అసలీ నీరు ఎక్కడిది? క్రీ.పూ. 5వ శతాబ్దిలో గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్ ఈ ప్రశ్న కనిపించినవారినల్లా అడిగాడు. ఎలిఫెంటైన్ దగ్గర రెండు కొండల నడుమ అడుగు లేని ఊటలున్నాయని ఒక ఆలయోద్యోగి చెప్పగా, ఆ మనిషి తనతో పరాచికమాడుతున్నాడనుకొన్నాడు. ఎక్కడో మంచు కరిగి నది పొంగుతుందన్న వాదాన్నీ ఒప్పుకోలేదు. అంత వేడి దేశాలలో మంచేమిటని అతడి ప్రశ్న. నిజానికి వరద నీరు ఇథియోపియా పీఠభూమిమీద కురిసే వర్షం. నైలు నీటిలో నూటికి 85 వంతులు అక్కడివే. జూన్ నుండి సెప్టెంబరు వరకు కురిసే ఆ వానలు మన నైరృతి ఋతుపవనాలకు దాయాదులు. పసిఫిక్ మహాసముద్రం వేడెక్కిన కొన్ని సంవత్సరాలలో ఇద్దరూ ఒక్కసారే ముఖం చాటేస్తారు. 1877లో నైలు వరద ఎన్నడూ లేనంత తక్కువగా వచ్చి ఎగువ ఈజిప్టులో జనం ఆకలితో మరణించారు. అదే సమయంలో ఇక్కడ మద్రాసు రాజధానిలో లక్షలమందిని పొట్టన పెట్టుకొన్న కరవు నడుస్తున్నది. రాయలసీమ ముసలివారు ధాత కరువని చెప్పుకొన్నది దానినే.

హాపి గుహను కంటితో చూడగోరేవారు ఫిలే ఆలయాలకు పోవాలి. అక్కడ రోమను చక్రవర్తి హేడ్రియన్ పేర నున్న ద్వారం మీద ఆ గుహ చెక్కి ఉన్నది. పేర్చిన బండల గుట్ట. దాని కింద చుట్టూ పాము చుట్టుకొన్న గూడు. అందులో ముడుచుకొని కూర్చున్న దేవుడు రెండు చేతుల రెండు కూజాలతో నీరు పోస్తూ ఉంటాడు. ఒసిరిస్ దేవుడి కాలు పూడ్చిన చోటని మామూలు మనుషులు అడుగుపెట్టరానిదిగా ఎంచిన బీగె లంక ఎదురుగా ఆ ద్వారాన్ని నిలిపారు. ఆ గోడమీదనే ఒక అర్చకుడు క్రీ.శ. 394 ఆగస్టు 24న నాలుగు ముక్కలు చెక్కాడు. తేదీ తెలిసిన చిత్రలిపి శాసనాలలో అదే చివరిది. మూడువేల సంవత్సరాలకు పైగా వాడిన లిపి ఈ గుహ పక్కనే ఆగిపోయినది. 6వ శతాబ్దిలో జస్టినియన్ చక్రవర్తి ఆలయాన్ని మూయించాడు. కొంతభాగం చర్చి అయినది.

ఇప్పుడు యాత్రికులు చూచే ఫిలే నిజానికి ఫిలే కాదు. బ్రిటిషువారు 1898లో మొదలుపెట్టి 1902లో ముగించిన అస్వాన్ ఆనకట్ట వలన అసలు లంక సంవత్సరంలో ఎక్కువ నెలలు నీట మునిగేది. యాత్రికులు స్తంభాల తలల మధ్య పడవలలో తిరిగేవారు. గోడలమీది రంగులు కడిగివేసినట్లు పోయాయి. ఆ ఆనకట్టకు రూపకల్పన చేసిన విలియం విల్‌కాక్స్ భారతదేశంలో పుట్టి, రూర్కీ కళాశాలలో చదివి, ఇక్కడి కాలువల మీద పని నేర్చుకొన్నవాడన్న సంగతి మనలో చాలామందికి తెలియదు. తరువాత 1960లో దానికి ఎగువన రష్యను సహాయంతో పెద్ద ఆనకట్ట ప్రారంభమైనది. 111 మీటర్ల ఎత్తు, నాలుగు కిలోమీటర్లకు కొద్దిగా తక్కువ పొడవు. 1964లో నదికి అడ్డు పడ్డది. 1970లో పని పూర్తి అయినది. ఐక్యరాజ్యసమితి సంస్థ యునెస్కో పిలుపు నందుకొని అనేక దేశాలు మునిగిపోయే గుళ్ళను కాపాడటానికి కదిలాయి. 1961-62లో బి.బి. లాల్ నాయకత్వాన మన పురావస్తు శాఖవారు కూడా వెళ్ళి నుబియాలో తవ్వకాలు జరిపారు. ఫిలే చుట్టూ అడ్డుకట్ట కట్టి, నీరు తోడివేసి, సుమారు 40,000 రాళ్ళుగా విడదీసి, దగ్గరలోని అగిల్కియా లంకను పాత లంక ఆకారానికి చెక్కి, దానిమీద తిరిగి నిలబెట్టారు. 1980లో అది పూర్తి అయినది. కృష్ణ మీద ఆనకట్ట వచ్చినప్పుడు నాగార్జునకొండ కట్టడాలు కొండ నెక్కిన వైనం తెలిసిన తెలుగువారికి ఈ శ్రమ ఎటువంటిదో విడమరచి చెప్పనక్కరలేదు.

రాళ్ళకు దొరికిన శ్రద్ధ మనుషులకు దొరకలేదు. సుమారు లక్షమంది నుబియనులు, కొందరు ఈజిప్టులో, కొందరు సుడానులో, ఊళ్ళు విడిచారు. బిడ్డ పుట్టినా పెళ్ళి జరిగినా నదికి పోయి, నీటి అడుగున కాపురముండే దేవతలకు ఇంత ఆహారం వదలిన జనం వారు. ముస్లిములై శతాబ్దాలు గడచినా ఆ మర్యాద మానలేదు. వారిలో ఈజిప్టు వైపువారిని కోమ్ ఓంబో దగ్గర వరుసలుగా కట్టిన ఇళ్ళలో దింపారు. ఇళ్ళు గట్టివే, నది మాత్రం కిలోమీటర్ల దూరం.

ఇక హాపి సంగతి. 1960ల నడిమి సంవత్సరాల తరువాత ఆనకట్టకు దిగువన వరద లేదు. ఒండ్రు జలాశయం అడుగున దిగబడుతున్నది. పొలాలకు ఎరువులు కొనాలి. సముద్రతీరంలో డెల్టా భూమి కోసుకొనిపోతున్నది. వరదతోపాటు వచ్చే చేపల మేత ఆగి సార్డీనుల వేట కొంతకాలం దాదాపు పడిపోయినది. ఇవన్నీ చెప్పి ఆనకట్టను తిట్టడం తేలిక. కాని 1980లలో ఇథియోపియాలో వానలు తప్పి, 1984లో అక్కడ లక్షలమంది చనిపోతూ ఉండగా, అదే నదిని నమ్ముకొన్న ఈజిప్టులో కరవు రాలేదు. జలాశయం ఏటికేడు తరిగిపోయినా, 1988లో మంచి వరద వచ్చేవరకు ఆదుకొన్నది. సెహెల్ బండమీది ఏడేళ్ళ కథ మళ్ళీ జరిగినది. ఈసారి గాదెలో నీరున్నది. ఖ్నూము చేతి తాళం ఇంజనీర్ల చేతికి వచ్చినదని ఈజిప్టువారు పొంగిపోయారంటే తప్పు పట్టలేము.

తాళం మళ్ళీ చేయి మారినది. నీలినైలు మీద ఇథియోపియా 2011లో మొదలుపెట్టిన మహా ఆనకట్టలో 2020 నుండి నీరు నింపసాగారు; 2025 సెప్టెంబరులో దానిని ప్రారంభించారు. తన కొండలలో కురిసిన వాన తన చీకటి ఇళ్ళకు దీపం కావాలని ఆ దేశం వాదన. కరవు సంవత్సరంలో ఎంత నీరు వదలుతారో వ్రాతపూర్వకంగా చెప్పమని ఈజిప్టు వాదన. ఏళ్ళ తరబడి సంప్రదింపులు జరిగినా, ప్రారంభోత్సవం నాటికి ఒడంబడిక కుదరలేదు.

నీలినైలుకు ఇథియోపియాలో పేరు అబ్బాయ్. తానా సరస్సుకు దక్షిణాన గిష్ అబ్బాయ్ అనే చోట అది చిన్న ఊటగా పుడుతుంది. 1618లో పేద్రో పయెజ్ అనే స్పానిష్ మతగురువు, 1770లో స్కాట్లండువాడు జేమ్స్ బ్రూస్ అక్కడికి చేరి, ప్రాచీనులు వెదకి వేసారిన మూలం కన్నామని సంబరపడ్డారు. స్థానికులకు అది ఎన్నడూ తెలియని చోటు కాదు. బైబిలు చెప్పిన గిహోను నది అదేనని వారి విశ్వాసం. ఊట దగ్గర చర్చి ఉన్నది. రోగాలు పోతాయని ఆ నీటిలో స్నానం చేసి, కొంత పట్టుకొని ఇళ్ళకు తీసుకుపోతారు.